బంధురహిత ప్లాట్‌ఫాం

పుంతపాడు జంక్షన్‌లో ఒక మనిషి రైలెక్కాలంటే పదిమంది కావాలి. ఎక్కేది ఒక్కడే. మిగతావాళ్ళు ఎక్కించడానికి వస్తారు. ఒకడు సంచి మోస్తాడు, ఇంకొకడు ఆ మోసేవాడికి సలహాలిస్తాడు, మరొకడు ముందే బోగీలో దూరి తువ్వాలు పరిచి సీటు కాస్తాడు, పెద్దావిడ ఒకామె కిటికీ ఊచలు పట్టుకుని కళ్ళొత్తుకుంటుంది. వెళ్ళేవాడు పక్క ఊళ్ళో పన్ను పీకించుకోవడానికి వెళుతున్నా సరే, ఈ మర్యాదలో వీసమెత్తు లోటు జరగదు. బండి కదిలాక దిగాల్సినవాళ్ళలో ఇద్దరు దిగలేక తరువాతి స్టేషన్ దాకా పోతారు. వాళ్ళను వెనక్కి తీసుకురావడానికి మళ్ళీ నలుగురు బయల్దేరతారు.

గోదావరి మీద పడవలు తిరిగిన రోజుల్లో రేవులోనూ ఇలాగే జరిగేదట. ఆ ఊళ్ళో "వెళ్తాను" అంటే పెద్దవాళ్ళు నోరు నొక్కేస్తారు. "వెళ్ళొస్తాను" అనాలి. దానికి అయినవాళ్ళెవరో ఒకరు "వెళ్ళిరా" అనాలి. ఆ మాట చెవిన పడితేగాని పుంతపాడు మనిషికి కాలు కదలదు.

ఇలా ఉండగా ఫణీంద్రనాథ్ గారు తనిఖీకి వచ్చారు. ఆయన డివిజన్‌కంతటికీ ప్రయాణికానుభవ వికాసాధికారి. కోటు, టై, చేతిలో ఫైలు. బండి దిగబోతుంటే, పోలీసు ట్రైనింగుకు వెళుతున్న కుర్రాణ్ణి ఎక్కించడానికొచ్చిన వీధి వీధంతా గుమ్మానికి అడ్డంగా ఉంది. దిగుతున్నవాడికీ ఎక్కుతున్నవాడికీ తేడా చూసే తీరిక అక్కడెవరికీ లేదు. "ఎక్కండి బాబూ, ఎక్కండి, బండి కదులుతోంది!" అంటూ ఆయన్ని లోపలికి తోసేశారు. ఎవరో ముసలమ్మ, "ఇది మా వాడికి అందించు నాయనా" అని ఆవకాయ జాడీ ఒకటి చేతిలో పెట్టింది. బండి కదిలింది. తరువాతి స్టేషన్లో దిగి, ఆటో మాట్లాడుకుని, జాడీ ఒళ్ళో పెట్టుకుని ఆయన పుంతపాడు తిరిగొచ్చేసరికి కోటు ముందుభాగమంతా ఎర్రటి నూనె. అప్పటికే మనసులో సంస్కరణ ఒకటి రూపు దిద్దుకుంది.

వారం తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది. దాన్ని మైకులో చదివినవాడు త్రిమూర్తులు.

త్రిమూర్తులు విచారణ కౌంటర్లో గుమాస్తా. మైకు కూడా అతనిదే; కౌంటరూ మైకు గదీ ఒకటే. కంచు గొంతు. అతను "దయచేసి వినండి" అంటే మూడో ప్లాట్‌ఫాం మీద పడుకున్న కుక్క కూడా చెవులు నిక్కబొడుచుకునేది. పైనుంచి వచ్చిన కాగితమంటే అతనికి పంచాంగం కంటే గురి. కాగితంలో ఉన్న ముక్క వదలడు, లేని ముక్క కలపడు. కామా దగ్గర ఆగమంటే ఆగుతాడు.

"ప్లాట్‌ఫాంపై గుమిగూడు జనసమూహమునందు ప్రయాణించువారి నిష్పత్తి అత్యల్పమనియు, ప్రయాణింపని బంధుమిత్రాదుల వలన శాఖకు ఎట్టి ప్రయోజనమును లేదనియు గమనింపబడినది," అని చదివాడు త్రిమూర్తులు. "కావున పుంతపాడు జంక్షనును తక్షణమే బంధురహిత ప్లాట్‌ఫాంగా ప్రకటించడమైనది. ప్రయాణికులు తమ బంధువులను గేటు వద్దనే విసర్జించి లోనికి రావలెను."

మర్నాటి నుంచి గేటు దగ్గర కాపలా పెట్టారు. బండి వచ్చింది. ప్లాట్‌ఫాం మీద ప్రయాణికులు తప్ప ఇంకెవరూ లేరు. ఫణీంద్రనాథ్ గారు ఫొటో కూడా తీయించారు. కానీ ఒక్కరూ బండెక్కలేదు. సామాన్లు పట్టుకుని గుమ్మాల ముందు నిలబడి ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"ఎక్కండయ్యా!" అన్నాడు గార్డు.

"ఎలా ఎక్కేదండీ బాబూ?" అన్నాడు పంచె కట్టిన పెద్దాయన. "వెళ్ళొత్తానని ఎవరితో అనను? వెళ్ళిరా అని ఎవరంటారు? మూగెద్దులా ఎక్కి కూచోమంటారేంటి? శుభమా అని ఆసుపత్రికెళ్తన్నా!"

గార్డు ఏమీ తోచక జెండా ఊపాడు. బండి ఖాళీగా వెళ్ళిపోయింది. దాని తరువాతిదీ అంతే. సాయంత్రమయ్యేసరికి ప్లాట్‌ఫాం మీద మునుపెన్నడూ లేనంత జనం పోగయ్యారు. వాళ్ళంతా చట్టప్రకారం ప్రయాణికులే కనక వెళ్ళగొట్టడానికి వీల్లేకపోయింది.

ఇంకొకరైతే ఉత్తర్వు వెనక్కి తీసుకునేవారు. ఫణీంద్రనాథ్ గారు అలాంటి బలహీనతలు లేని మనిషి. సిబ్బందినంతా స్టేషన్ మాస్టరు గదిలో కూర్చోబెట్టారు.

"సమస్య బంధువులు కాదు, త్రిమూర్తులు గారూ," అన్నారాయన. "బంధువులు శాఖ పరిధిలో లేకపోవడం. ఆప్యాయత అనే ఒక అత్యవసర సేవను ఇన్నేళ్ళుగా మనం అసంఘటిత రంగానికి వదిలేశాం. దాన్ని ప్రమాణీకరించాలి."

అలా అధికారిక సాగనంపు విభాగం పుట్టింది. ప్రతి ప్రయాణికుడికీ శాఖ తరఫున ఒక బంధువును కేటాయిస్తారు. బండి గుమ్మం దాకా వచ్చి, కళ్ళు తుడుచుకుని, "వెళ్ళిరా" అని చెప్పి, చెయ్యి ఊపే బాధ్యత ఆ బంధువుది. పదవులు రోస్టరు ప్రకారం పంచారు. నిన్నగాక మొన్న ఉద్యోగంలో చేరిన బుకింగ్ క్లర్కు భ్రమరాంబకు అమ్మమ్మ పదవి వచ్చింది. రిటైర్మెంటుకు దగ్గరపడిన, పట్టాలు మార్చే పాయింట్స్‌మన్‌కు మేనల్లుడి పదవి దక్కింది. పార్సెల్ ఆఫీసులో బస్తాలు లెక్కపెట్టే జకరయ్యను తమ్ముణ్ణి చేశారు. గొంతు బాగుందని త్రిమూర్తుల్ని అందరిమీదా ముఖ్య సాగనంపు అధికారిగా వేశారు.

శిక్షణ కూడా ఇచ్చారు. పట్నం నుంచి వచ్చిన నిపుణుడు బల్లమీద బొమ్మలు గీసి చెప్పాడు.

"మొదటి దశలో గొంతు మాత్రమే బొంగురుపోవాలి. కన్నీరు రెండో దశ. కొందరు ఉత్సాహం కొద్దీ మొదటి దశలోనే ఏడ్చేస్తున్నారు. దానివల్ల వనరుల దుర్వినియోగం జరుగుతుంది."

గ్లిజరిన్ టెండరు తేలేదాకా ఉల్లిపాయలు స్థానికంగా కొనుక్కోవడానికి అనుమతి వచ్చింది. ప్రయాణికులు శకునం పట్టించుకుంటున్నారని తెలిసి, బండి బయల్దేరే ముందు ఇంజను వైపు నుంచి ఎదురు రావడానికి శుభ శకున సహాయకురాలి పోస్టు ఒకటి మంజూరైంది. ప్లాట్‌ఫాం మీద తుమ్మడం నిషేధించారు. క్యాంటీన్లో ఎలుకలు పట్టే పిల్లిని మాత్రం ఏ నిబంధన కింద శిక్షించాలో తెలియక, పార్సెల్లో పక్క స్టేషన్‌కు పంపేశారు.

విచిత్రమేమిటంటే పథకం పనిచేసింది. మొదట జనం నవ్వారు. తరువాత అలవాటు పడ్డారు. అన్నేసిమంది చుట్టాలకు కాఫీలు పోయక్కర్లేకుండా శాఖవారే ఏడిచి పంపిస్తుంటే కాదనేదెవరు? త్రిమూర్తులు స్వయంగా రాసిన ముగింపు వాక్యం, "చేరగానే ఫోన్ చెయ్యండి", అందరికీ బాగా నచ్చింది. ఎంత నచ్చిందంటే జనం నిజంగానే చేశారు. విచారణ కౌంటర్ ఫోన్ పొద్దున్నుంచి మోగుతూనే ఉండేది.

"చేరామండీ. పిల్లలు కూడా కులాసా. మీరు చెప్పారుగా అని చేశా."

"మంచిదండీ. జాగ్రత్త," అని పెట్టేసేవాడు త్రిమూర్తులు. బండి ఎప్పుడొస్తుందో కనుక్కుందామన్నవాళ్ళకు లైను దొరికేది కాదు. అయినా అతనికి లోలోపల గర్వంగానే ఉండేది. ఇంటికెళ్ళి భార్య సత్యవేణికి చెప్పేవాడు, "ఇవాళ ఎంతమంది చేరారో తెలుసా!" అని. ఆవిడ కూర కలుపుతూ, "ఊళ్ళోవాళ్ళందరూ చేరారు, బానే ఉంది," అనేది. అంతకంటే ఏమీ అనేది కాదు.

ఆ అనకపోవడంలో మాణిక్యాంబ ఉంది.

మాణిక్యాంబ త్రిమూర్తులి అక్క. తల్లి పోతే చంకనేసుకుని పెంచింది. రేవుపాలెంలో ఇచ్చారు. కొన్నేళ్ళ కిందట పుట్టింటికని వచ్చి తిరిగి వెళుతూ, బండిలో కిటికీ దగ్గర కూర్చుని తమ్ముడి కోసం చూసింది. తమ్ముడు మైకు గదిలో ఉన్నాడు. ఆఖరి బోగీ ప్లాట్‌ఫాం దాటేదాకా ప్రకటనకర్త గది వదలరాదని నిబంధన. అతను వదల్లేదు. "దయచేసి వినండి" అంటూ ఊరందరికీ చెప్పాడు. ఏ బండి ఎటు వెళుతుందో చెప్పాడు, సామాన్లు జాగ్రత్తన్నాడు, కదిలే బండి ఎక్కొద్దన్నాడు. ఆ గొంతు వింటూనే ఆమె వెళ్ళిపోయింది. ఆపైన మళ్ళీ రాలేదు, ఫోనెత్తలేదు. "మైకులో లోకమంతటికీ చెప్పాడమ్మా, నాకో మాట చెప్పలేకపోయాడు," అని సత్యవేణితో మాత్రం ఒకసారి అంది.

ఇప్పుడు త్రిమూర్తులి మనవరాలికి బారసాల. సత్యవేణి స్వయంగా రేవుపాలెం వెళ్ళి, బతిమాలి, వదినగారిని తీసుకొచ్చింది. మాణిక్యాంబ మనవరాలికి గొలుసు వేసింది, అందరితో మాట్లాడింది, తమ్ముడితో మాత్రం గోడకు చెప్పినట్టు చెప్పింది. వెళ్ళే ముందురోజు మధ్యాహ్నం, భోజనాలయ్యాక, పీట మీంచి లేవకుండానే అంది.

"ఒరే మూర్తీ. రేపు పది గంటల బండికి వెళ్ళొస్తాను. ఈసారి నువ్వొచ్చి బండెక్కించు. వెళ్ళిరా అక్కా అని నీ నోటితో అను. అనకపోతే నేను మళ్ళీ ఈ గుమ్మం తొక్కను. నా ఒంట్లో కూడా ఓపికలు లేవు. ఇదే చివర్ది అనుకో."

త్రిమూర్తులు చొక్కా వేసుకుని, ఫణీంద్రనాథ్ గారి దగ్గరికి పరుగెత్తాడు. ఆయన ఆ రోజు స్టేషన్లోనే మకాం. పథకాన్ని దేశమంతటా పెట్టాలా వద్దా అని తేల్చే ఉన్నత కమిటీ మర్నాడే వస్తోంది.

"సార్, రేపు మా అక్క వెళుతోందండి. ఒక్క నిమిషం ప్లాట్‌ఫాం మీదికి వెళ్ళి..."

"మీ అక్కా?" ఫణీంద్రనాథ్ గారి మొహం గంభీరమైంది. "సొంత అక్క?"

"ఆయ్. సొంత అక్కేనండి."

"అయితే అసలే కుదరదు. మీరు సాగనంపు అధికారులు. స్వజనులను సాగనంపితే పక్షపాతానికి తావిచ్చినట్టవుతుంది. పరాయి ప్రయాణికుడికి మొదటి దశతో సరిపెట్టి, సొంత అక్కకు రెండో దశ ఇచ్చారని ఎవరైనా ఆడిట్‌లో రాస్తే? మీ గొంతు ఇప్పుడు మీది కాదు త్రిమూర్తులు గారూ, శాఖది." ఆపైన మెత్తబడి, భుజం తట్టారు. "మీరేం బాధపడకండి. మీ అక్కగారికి తమ్ముణ్ణి పెడుతున్నాం కదా. జకరయ్య ఉన్నాడు. మంచి రేటింగు ఉంది."

"పోనీ టిక్కెట్టు కొనుక్కుని..."

"టిక్కెట్టు కొన్నవారు బండెక్కి తీరాలని పోయిన నెలే సవరణ చేశాం. ఊరివాళ్ళు అదే పనిచేస్తున్నారు. రేపు పది గంటల బండికి మైకులో మీరే ఉండాలి. కమిటీ మీ గది నుంచే చూస్తుంది."

త్రిమూర్తులు ఇంటికొచ్చి ఈ సంగతి అక్కకు చెప్పలేకపోయాడు. సత్యవేణికి చెప్పాడు. ఆవిడ, "మీ ఇష్టమండీ. మీ అక్క, మీ శాఖ," అని లోపలికెళ్ళిపోయింది.

మర్నాడు సత్యవేణి వదినగారికి చీర పెట్టి, బొట్టు పెట్టి, స్టేషన్ గేటు దాకా వచ్చి అక్కడే ఆగిపోయింది. మాణిక్యాంబ ఒక్కతే సంచీ, టిఫిన్ క్యారేజీ పట్టుకుని లోపలికొచ్చి బెంచీ మీద కూర్చుంది. మైకు గది అద్దం లోంచి త్రిమూర్తులికి ఆమె స్పష్టంగా కనిపిస్తోంది. కిటికీ కొంచెం జరిపి ఉండడంతో మాటలు కూడా వినిపిస్తున్నాయి. అతని వెనకాల కమిటీవారు బాదంపాలు తాగుతూ కూర్చున్నారు.

పది గంటలైంది. బండి రాలేదు. దారిలో ఎక్కడో ఇంజను మొరాయించింది. కానీ అది సాగనంపుకు అడ్డం కాదు. "బండి ఆలస్యం ఇంజను విభాగానికి సంబంధించినది, సార్," అని కమిటీకి వివరించారు ఫణీంద్రనాథ్ గారు. "వీడ్కోలు మా విభాగానిది. మా విభాగంలో ఆలస్యం ఉండదు. టైంటేబులు ప్రకారం ఇచ్చేస్తాం."

గంట కొట్టారు. అధికారిక బంధువులు వరసగా ప్లాట్‌ఫాం మీదికి వచ్చారు. జకరయ్య ఉల్లిపాయ జేబులో పెట్టుకుని మాణిక్యాంబ ముందు నిలబడ్డాడు.

"అక్కగారండీ, నేనండి. తమ్ముణ్ణి."

"ఎవరి తమ్ముడివి నాయనా?"

"మీకేనండి. శాఖ తరఫున."

మాణిక్యాంబ అతన్ని ఎగాదిగా చూసింది. "మా తమ్ముడు ఇంకాస్త లావుంటాడు. ఆడేడీ?"

"ఆరు రాకూడదంటండి. రూలు ఒప్పుకోదంట." జకరయ్య గొంతు తగ్గించాడు. "మీరు కూసింత మొహం ఇటు తిప్పండమ్మా. నేను గొంతు బొంగురు పెట్టాలండి. కమిటీవోరు సూత్తన్నారు."

ఆమె మైకు గది వైపు ఒక్కసారి చూసింది. అద్దం వెనక తమ్ముడు తల వంచుకున్నాడు. ఆమె మళ్ళీ జకరయ్య వైపు తిరిగింది.

"పొద్దున్నుంచి ఏవైనా తిన్నావా? మొహం అలా పీక్కుపోయిందేంటి?"

"లేదండి. కాళీ కడుపైతే కన్నీళ్ళు బాగా వత్తాయని సిచ్చనలో సెప్పారండి."

"బావుంది సంబడం!" అని ఆమె క్యారేజీ మూత తీసి, రెండు గారెలు చేతిలో పెట్టింది. "తిను ముందు. ఏడుపు ఎక్కడికి పోతుంది, తరవాత ఏడుద్దువు గాని."

జకరయ్య గారె నోట్లో పెట్టుకున్నాడు. ఎవరూ చూడకుండా ఉల్లిపాయ తియ్యబోయినవాడు దాన్ని తియ్యకుండానే భోరుమన్నాడు. "ఉత్తమం," అని కమిటీవారు రాసుకున్నారు. జకరయ్య ఎక్కిళ్ళు పడుతూనే "వెళ్ళిరండక్కా" అని, ఎదురుగా ఖాళీ పట్టాల వైపు చెయ్యి ఊపి, ఆమె టిక్కెట్టు మీద 'సాగనంపబడినది' అనే ముద్ర వేశాడు.

ముద్ర పడ్డాక ఇక ఆమె వెళ్ళిపోయినట్టే. వెళ్ళిపోయినవాళ్ళు ప్లాట్‌ఫాం మీద కనబడకూడదు కాబట్టి, వాళ్ళకోసం వెళ్ళిపోయినవారి వేచియుండు గది ఒకటి కట్టించారు. అందులో ఫ్యాన్లు ఉన్నాయిగాని వెయ్యరు, ఎందుకంటే అక్కడ లెక్కప్రకారం ఎవరూ లేరు. టీ అమ్మేవాడు కూడా రాడు. కాపలావాడు మాణిక్యాంబ సంచీ అందుకుని ఆమెను అక్కడికి తీసుకెళ్ళాడు.

బండి మధ్యాహ్నందాకా రాలేదు. ఆ గదిలోంచి చెమటలు కక్కుతూ ఒకాయన విచారణ కౌంటర్ దగ్గరికొచ్చాడు.

"బండి ఎప్పుడొస్తుందండీ?"

త్రిమూర్తులు అతని టిక్కెట్టు చూశాడు. నిబంధన ప్రకారం ఏమనాలో అతనికి కంఠతా వచ్చు. "మిమ్మల్ని పొద్దున్నే పంపించేశామండి. మీరిక్కడ లేరు."

"లేనండీ, తెలుసు. కానీ ఆ లేనిచోట ఓ పెద్దావిడకి కళ్ళు తిరుగుతున్నాయి. కాసిని నీళ్ళిప్పిస్తారా?"

ఏ పెద్దావిడో త్రిమూర్తులు అడగక్కర్లేకపోయింది. తన సీసా, టేబులు మీది కమిటీవారి సీసాలు రెండూ పట్టుకుని అతని చేతికిచ్చాడు. తాను వెళ్ళలేదు. వెళ్ళడానికి లేచి నిలబడ్డాడు, ఫణీంద్రనాథ్ గారు చూసేసరికి మళ్ళీ కూర్చున్నాడు. జన్మలో మొదటిసారి ఆ కుర్చీ మీద అతనికి అసహ్యం వేసింది.

చివరకు బండి కూత వినిపించింది. ఫణీంద్రనాథ్ గారు కాగితం అందించారు. త్రిమూర్తులు మైకు నొక్కి చదివాడు.

"దయచేసి వినండి. రేవుపాలెం మీదుగా వెళ్ళు ఎక్స్‌ప్రెస్ ఒకటవ నంబరు ప్లాట్‌ఫాంపైకి వచ్చుచున్నది. ఇదివరకే పంపించబడిన ప్రయాణికులు నిశ్శబ్దముగా బండి ఎక్కవలెను."

గది తలుపు తీశారు. జనం నిశ్శబ్దంగా, ఎవరి సామాను వాళ్ళు ఈడ్చుకుంటూ ఎక్కారు. పొద్దున ఏడ్చిన అధికారిక బంధువులు షిఫ్టు అయిపోయి ఇళ్ళకు వెళ్ళిపోయారు. ప్లాట్‌ఫాం కడిగిన పళ్ళెంలా ఉంది.

"గమనించండి సార్," అన్నారు ఫణీంద్రనాథ్ గారు కమిటీ వైపు తిరిగి. "ఒక్క బంధువు లేడు."

మాణిక్యాంబ కిటికీ దగ్గర కూర్చుంది. నుదుటి మీద తడిపిన చెంగు. మైకు గది వైపే చూస్తోంది. కోపంగా కూడా లేదు. కొన్నేళ్ళ కిందట ఆ రోజు ఎలా చూసిందో అలాగే చూస్తోంది. త్రిమూర్తులికి ఆ చూపు తెలుసు. చిన్నప్పుడు బడి గేటు దగ్గర వదిలి, అతను లోపలికి వెళ్ళేదాకా అక్కడే నిలబడి చూసే చూపు. గార్డు ఈల వేశాడు.

త్రిమూర్తులి చేతిలో కాగితం అయిపోయింది. మైకు మీద వేలు ఇంకా ఉంది. ఆ వేలు నొక్కింది.

"దయచేసి వినండి," అంది కంచు గొంతు, అలవాటు కొద్దీ. తరువాత కాగితంలో లేని మాటలు వచ్చాయి. "మాణిక్యం అక్కా, వెళ్ళిరా."

"త్రిమూర్తులు గారూ!" అని కేక పెట్టారు ఫణీంద్రనాథ్ గారు. అది కూడా మైకులో వినబడింది.

"గుమ్మం దగ్గర నిలబడకక్కా, గాలి కొడుతుంది. నీళ్ళు తాగు. చేరగానే ఫోన్ చెయ్యి. నేనెత్తుతాను. నువ్వు మళ్ళీ తొందరగా రా. వెళ్ళిరా అక్కా, వెళ్ళిరా!"

ఈసారి గొంతు బొంగురుపోయింది. మొదటి దశా, రెండో దశా కలిసే వచ్చేశాయి. కిటికీలోంచి ఒక చెయ్యి బయటికొచ్చి, "వస్తాన్రా మూర్తీ!" అని ఊగింది. ఆ వెంటనే పక్క కిటికీలోంచి ఇంకో చెయ్యి. తరువాత బోగీ బోగీకీ చేతులు. పొద్దున్నుంచి వెళ్ళిపోయి ఉన్న జనమంతా, ఆ మాట తమతోనే అన్నట్టు, "వెళ్ళొస్తామండీ! వెళ్ళొస్తాం!" అని అరుస్తుంటే బండి కదిలి వెళ్ళిపోయింది. గేటు బయట అప్పటిదాకా కాచుకుని ఉన్న సత్యవేణి ఏడ్చింది.

సాయంత్రానికల్లా త్రిమూర్తులికి సంజాయిషీ కాగితం అందింది. అభియోగాలు మూడు. స్వజనులను సాగనంపడం, వర్గీకరణ లేకుండా ఒక రైలును మొత్తంగా సాగనంపడం, అధికారి ఆశ్చర్యాన్ని అనుమతి లేకుండా ప్రసారం చేయడం. అతను కాగితం మడిచి జేబులో పెట్టుకుని, ఫోను పక్కన కూర్చున్నాడు. చీకటి పడే వేళకు అది మోగింది. "చేరాన్రా," అంది అవతలి గొంతు. ఆ తరువాత ఇద్దరూ చాలాసేపు మాట్లాడుకున్నారు. కౌంటర్ ముందు నిలబడ్డవాళ్ళు ఎంత దగ్గినా లాభం లేకపోయింది.

ఉద్యోగం ఊడకుండా కాపాడింది కమిటీ నివేదిక. అందులో ఇలా ఉంది: "నలభైమంది సిబ్బంది, శిక్షణ, ఉల్లిపాయలు మున్నగు వాటితో సాధింపలేని ఫలితమును ఒక ఉద్యోగి, ఒక మైకు ద్వారా నిమిషములోపే సాధించుట గమనింపబడినది. ప్రయాణికుల స్పందన శతశాతము. కావున సాగనంపు విభాగమును రద్దుపరచి, సదరు ప్రకటననే అన్ని స్టేషన్లయందును ప్రతి బండికిని వినియోగింపవలెను."

విభాగం రద్దయింది. జకరయ్య బస్తాల దగ్గరికి తిరిగి వెళ్ళాడు. గేటు దగ్గర కాపలా పోస్టు కూడా అందులోదే కాబట్టి అదీ పోయింది, పుంతపాడు చుట్టాలందరూ మళ్ళీ ప్లాట్‌ఫాం మీదికొచ్చారు. బంధురహిత ఉత్తర్వును మాత్రం ఎవరూ రద్దు చేయలేదు, అది ఇప్పటికీ అమల్లోనే ఉంది. పిల్లి సొంతంగా నడిచొచ్చింది. ఇంత పొదుపైన పద్ధతిని కనిపెట్టినందుకు ఫణీంద్రనాథ్ గారికి ప్రమోషన్ వచ్చింది.

ప్రకటన రికార్డు చేయడానికి త్రిమూర్తుల్ని స్టూడియోకు పిలిచారు. ఎన్నిసార్లు చెప్పినా ఆ గొంతు రాలేదు. "కిటికీలో మా అక్క లేదు కదండీ," అన్నాడతను. దాంతో ఆ రోజు కమిటీ సభ్యుడొకాయన ఫోన్లో పట్టిన అసలు ప్రతినే వాడాలని తీర్మానించారు. పేరు ఒక్కటి తీసేద్దామా అని ఒకరన్నారు. పరీక్షించి నెగ్గినది పేరుతో ఉన్న ప్రకటన, పేరు తీస్తే మళ్ళీ మొదటినుంచీ పరీక్షించాలి, అందుకు నిధులు లేవని ఆర్థిక విభాగం చెప్పింది. ఫణీంద్రనాథ్ గారి కేక కూడా అదే కారణం చేత ఉండిపోయింది.

అందుచేత ఇప్పుడు ఆ డివిజన్లో ఏ బండి కదిలినా, అందులో బియ్యం వ్యాపారులున్నా, పెళ్ళివారున్నా, ఖైదీని తీసుకెళ్ళే పోలీసులున్నా, మైకు అందరినీ ఒకే మాటతో సాగనంపుతుంది. "మాణిక్యం అక్కా, వెళ్ళిరా. త్రిమూర్తులు గారూ! గుమ్మం దగ్గర నిలబడకక్కా, గాలి కొడుతుంది."

మాణిక్యాంబ ఇల్లు రేవుపాలెం స్టేషన్ వెనక వీధిలోనే. బండి బండికీ ఆమెకది వినబడుతుంది. కొన్నాళ్ళు విని, ఒకరోజు ఫోన్ చేసింది.

"ఒరే మూర్తీ, పొద్దస్తమానం వెళ్ళిరా వెళ్ళిరా అని ఒకటే పోరు పెడుతున్నావు. మీ బావ నన్ను చూసి నవ్వుతున్నారు. ఇన్నిసార్లు వెళ్ళమన్నాక వెళ్ళకపోతే ఏం బావుంటుంది? రేపు వస్తున్నా. మనవరాలికి జున్ను తెస్తున్నా, సత్యవేణికి చెప్పు."

మర్నాడు రేవుపాలెంలో పుంతపాడు బండి ఆగింది. ఆమె ఎక్కి కిటికీ దగ్గర కూర్చుంది. గార్డు ఈల వేయగానే మైకు ఎప్పటిలాగే ఆమెను పేరు పెట్టి పిలిచింది. బోగీలో మిగతావాళ్ళకు అలవాటైపోయి ఎవరూ తలెత్తలేదు. మాణిక్యాంబ మాత్రం జున్నుగిన్నె ఒళ్ళో సర్దుకుని, కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి, "వస్తున్నాన్రా," అంది.